నాన్నగారి చెవి మిషన్

మొన్న బెజవాడలో నాకు చెవి మిషన్ పెట్టారు. చిక్కుడు గింజంత ఉంది. చేతిలోకి తీసుకోగానే నాన్నగారి మిషన్ గుర్తొచ్చింది. మన ఈడువాళ్లు చూసే ఉంటారు. చొక్కా జేబులో అగ్గిపెట్టెంత డబ్బా, దాన్నుంచి చెవిదాకా మెలికలు తిరిగిన తీగ.

సెల్లు అయిపోతుందని నాన్నగారు పగలంతా దాన్ని ఆపేసే ఉంచేవారు.

"అలంకారానికాండీ అది?" అని పక్కింటాయన జేబు చూపించి గట్టిగా అడిగేవారు.

"మీ కబుర్లకే సెల్లు ఖర్చుపెడితే సాయంత్రం మా పిల్లల ప్రార్థన ఎలా వినేదండీ?" అనేవారు నాన్నగారు.

కుటుంబ ప్రార్థనలో మా చిన్నచెల్లి మొదటిసారి సొంతంగా ప్రార్థన చేస్తున్న సాయంత్రమే ఆ సెల్లు అయిపోయింది. ఆయన డబ్బాను తట్టి చూసుకుంటుంటే పిల్ల ఆగిపోయింది.

"నాన్నకి వినబడట్లేదక్కా" అని నావైపు ఏడుపు మొహం పెట్టింది.

నాన్నగారు చెల్లిని దగ్గరకు తీసుకుని వీపు మీద అరచెయ్యి ఆనించారు. "చెప్పమ్మా, చేతికి తెలుస్తుంది" అన్నారు.

చెల్లి ముగించగానే అందరికంటే ముందు ఆయనే ఆమేన్ అన్నారు.

నిన్న మా మనవరాలు ప్రార్థన చేసింది. కొత్త మిషన్‌తో ప్రతి మాటా వినబడింది. అయినా నా చెయ్యి పిల్ల వీపు మీదే ఉంది.