అనుపు ఆలస్యమైన అమ్మోరు

మొన్న మంగళవారం పప్పులో తాలింపు వేస్తుంటే, ఆవాలు చిటపటమనగానే నా చెయ్యి దానంతటదే పొయ్యి ఆర్పేసింది. మా ఆయన నవ్వాడు. ఇప్పుడు మా కాపరం పట్నంలో, లత అనే పేటలో, మూడో అంతస్తులో. ఇక్కడ నా తాలింపుకి కోప్పడేవాళ్ళెవరూ లేరు. కానీ బర్మాలో నేను పుట్టిపెరిగిన తన్లిన్ ఊళ్ళో, మా పక్కింటి పెద్దమ్మ ఇంట్లో అమ్మోరు కూర్చున్న ఆ వానాకాలమంతా, గోడకి ఇవతల మేం కూడా చప్పటి పప్పే తిన్నాం. ఆ వాసన అమ్మోరికి తగలకూడదట. మా అమ్మ మాత్రం "అమ్మోరికి జొరవొచ్చిందేటి, పత్తెం తినడానికి?" అని గొణిగి, వెంటనే లెంపలేసుకునేది.

పెద్దమ్మ అంటే చుట్టం కాదు. మా వీధిలో తెలుగువాళ్ళందరికీ ఆవిడ పెద్దమ్మే. ఆవిడ తాతలు రేవులో మూటలు మొయ్యడానికి సిక్కోలు నుంచి వస్తూ ఒక ఘటాన్ని కూడా తెచ్చుకున్నారట. ఆ ఘటమే మా వీధికి గుడి, పెద్దమ్మే పూజారి. ప్రతి మంగళవారం మా వీధి డప్పు తాతయ్య వాయిస్తుంటే ఆవిడ మీదికి అమ్మోరు వచ్చేది. బర్మా ఆడవాళ్ళు కూడా వాళ్ళ నాట్ దేవతలకి తెచ్చినట్టే అరటి గెల, కొబ్బరికాయ పట్టుకుని వచ్చి కూర్చునేవారు. పోయిన సైకిలు, కుదరని పెళ్ళి, తాగుబోతు మొగుడు, అన్నీ అమ్మోరికే. నేను ఏడో తరగతితో బడి మానేశాను గానీ, రెండు భాషలూ గడగడా వాగుతానని వాళ్ళ ప్రశ్నలు అమ్మోరిని అడిగే పని నాకు అప్పజెప్పారు. అమ్మోరు తెలుగులో తిడితే నేను బర్మా భాషలో కాస్త మెత్తగా చెప్పేదాన్ని. చిత్రమేమిటంటే, తన నోటితో వచ్చిన మాట పెద్దమ్మకి ఒక్కటీ తెలిసేది కాదు. తెలివి రాగానే, సినిమా మధ్యలో నిద్రపోయినవాళ్ళలాగా "ఏటన్నాదే అమ్మోరు?" అని నన్నే అడిగేది.

తర్వాత సైన్యం దేశాన్ని చేతుల్లోకి తీసుకుంది. కుర్రాళ్ళంతా రోడ్ల మీదికి వచ్చారు. వాళ్ళలో పెద్దమ్మ ఒక్కగానొక్క కొడుకూ ఉన్నాడు. కాల్పులు మొదలయ్యాక ఒకరోజు చద్దన్నం తిని, చెప్పులు చేత్తో పట్టుకుని, సైన్యంతో పోరాడడానికి అడవికి పోయేవాళ్ళతో కలిసి వెళ్ళిపోయాడు. ఫోను లేదు, కబురు లేదు. అప్పటికి నేను లైంగ్‌థార్యార్ అనే ఫ్యాక్టరీల పేటలో చొక్కాలు కుట్టే పనిలో ఉన్నాను, ఆ ఫ్యాక్టరీ మూసేస్తే మూట సర్దుకుని ఇంటికొచ్చేశాను. ఇంతలో వానలతోపాటు, లోకమంతా చుట్టబెట్టిన ఆ జ్వరం మా మీదా వచ్చి పడింది. వీధి వీధంతా దగ్గులే. అప్పుడు అందరూ వచ్చి దూరంగా నిలబడి, అమ్మోరిని కూర్చోబెట్టమని బతిమాలారు. జ్వరాల అమ్మోరు కూర్చుంటే ఆ ఇంట్లోకి ఇంకొకరు అడుగు పెట్టకూడదు, పూజారి గడప దాటకూడదు, తల దువ్వుకోకూడదు. తగ్గాక, అమ్మోరిని కూర్చోబెట్టిన కొత్త ఘటాన్ని పొలిమేర దాటించి సాగనంపాలి. దాన్నే అనుపు అంటాం. అలా పెద్దమ్మ, అమ్మోరు, ఇద్దరే మిగిలారు. డప్పు లేదు, జనం లేరు. గోడ మీద నుంచి నేను బియ్యం అందిస్తే అందుకునేది, అంతే. అప్పుడప్పుడూ అవతల ఆవిడ ఎవరితోనో మాట్లాడుతున్నట్టు వినిపించేది. బదులు మాత్రం వినిపించేది కాదు.

జ్వరాలు తగ్గాయి. కొట్లు తీశారు. అనుపు ఎప్పుడని అందరూ అడగడం మొదలుపెట్టారు. పెద్దమ్మ ఒక వారం అమావాస్య అంది, ఒక వారం నడుం నొప్పి అంది, ఇంకో వారం వేపాకు దొరకలేదంది. ఆవిడ పెరట్లోనే వేపచెట్టు! ఎదురింటి బర్మా ఆవిడ "మీ చుట్టం ఇంకా వెళ్ళలేదా?" అని రోజూ నన్ను అడిగేది. పిలిచిన అమ్మోరిని పంపకపోతే జ్వరం మళ్ళీ తిరగబెడుతుందని అందరికీ భయం. ఈ పెద్దమ్మని నమ్మకూడదని గుసగుసలు కూడా మొదలయ్యాయి. ఒక పొద్దున్న నేను ఉండబట్టలేక గోడ దగ్గర నిలేశాను.

"ఏటి పెద్దమ్మా, ఉంచీసుకుంటావేటి ఆ తల్లిని?"

ఆవిడ వచ్చి గోడ పట్టుకుని నిలబడింది. జుట్టు జడలు కట్టి, సగమైపోయి ఉంది.

"ఊరందరి కట్టాలూ నా నోటితోనే సెప్పింది గదే. నా సెవిని ఒక్క ముక్కయినా పడ్డాదేటి? నా గుంటడు ఉన్నాడో లేడో తలుపులేసుకుని రోజూ అడిగీదాన్ని. నానే అడిగి నానే సెప్పుకుంతే నాకేటి ఇనబడతాది? పంపీసేక మరెవుల్ని అడగను?"

ఎన్నేళ్ళుగానో ఎవరెవరివో ప్రశ్నలు అడిగినదాన్ని, ఆవిడది ఎప్పుడూ అడగలేదని అప్పుడు గానీ తట్టలేదు నాకు.

"అనుపునాడు నానడుగుతాను పెద్దమ్మా. అడగడం నా పనే గదేటి!" అన్నాను.

ఆ మంగళవారం పొద్దున్నే ముగ్గురమే బయల్దేరాం. వంతెన దగ్గర సైనికులు తుపాకీలు పట్టుకుని నిలబడ్డారని, డప్పు తాతయ్య డప్పు మానేసి నూనె డబ్బా చంకన పెట్టుకొచ్చాడు. "అమ్మోరికి సెవులు బాగానే ఉన్నాయిలే, మెల్లగా వాయించినా ఇంటాది," అన్నాడు. పొలిమేర దాటి నది ఒడ్డున ఘటం దించాం. తాతయ్య వేళ్ళతో డబ్బా మీద వాయించాడు. కాసేపటికి పెద్దమ్మ ఒళ్ళు ఊగింది. నేను దగ్గరగా కూర్చుని అడిగాను: తల్లీ, ఈవిడ కొడుకు ఎక్కడున్నాడు?

జవాబు రాలేదు. ఏడుపు వచ్చింది. సన్నగా మొదలై, ఆగకుండా. తాతయ్య వేళ్ళు డబ్బా మీదే ఆగిపోయాయి. ఆ ఏడుపు అయ్యేదాకా మేమిద్దరం కదల్లేదు. తర్వాత ఘటాన్ని నీళ్ళలోకి వదిలాం. పెద్దమ్మకి తెలివొచ్చింది.

"ఏటన్నాదే?"

"ఏటీ అన్లేదు పెద్దమ్మా. ఏడ్చింది."

"ఎవులు ఏడ్సింది? నానా, అమ్మోరా?"

నాకు తెలియలేదు. తెలియలేదనే చెప్పాను. ఆవిడ తడిసిన మొహం చేత్తో తడుముకుని, ఆ చేతినే చూసుకుంటూ కూర్చుంది.

"పోన్లే," అంది చివరికి. "ఒక్కద్దాన్నే ఏడుస్తన్నాననుకున్నాను ఇన్నాళ్ళూను."

ఆ కొడుకు కబురు ఇప్పటికీ లేదు. నేను మాత్రం తన్లిన్ వెళ్ళినప్పుడల్లా గోడ మీద నుంచి కాకుండా గుమ్మంలోంచే వెళ్ళి, అతని గురించి ఆవిడని అడుగుతాను. ఆవిడ కొడుకు చిన్నప్పటి అల్లర్లన్నీ చెబుతుంది. ఆ వానాకాలం ఎన్నాళ్ళుందని ఎవరైనా అడిగితే నేను చెప్పలేను. ఒంటరిగా ఉన్నవాళ్ళకి కాలం నడవదు, ఎవరో ఒకరు వచ్చి పలకరించేదాకా అక్కడే నిలబడి ఉంటుంది.