వంటగది తలుపు

తమ్ముడి అప్పుకు హామీ సంతకం పెట్టిన పాపానికి వడ్రంగి ఇల్లు కోర్టు వేలానికొచ్చింది. పనిముట్లు తప్ప అన్నీ అమ్మి కట్టినా బాకీ తీరలేదు.

ఇల్లు కొందామని చూడ్డానికొచ్చిన పెద్దమనిషి, బిగుసుకుపోయిన వంటగది తలుపును తోసి తోసి, "ఇది వడ్రంగి ఇల్లేనా?" అని నవ్వి వెళ్ళాడు. వడ్రంగికి తల కొట్టేసినట్టయింది. వెంటనే తలుపు ఊడదీసి, చిత్రిక పట్టి, మళ్ళీ బిగించాడు.

"పెళ్ళయినప్పట్నుంచీ మొత్తుకుంటున్నా. నాకోసం దొరకని తీరిక కొనేవాళ్ళకోసం ఎక్కణ్ణుంచి ఊడిపడిందయ్యా?" అంది భార్య.

అతను చెక్కపొట్టు ఊడ్చుకున్నాడు.

ఆమె నీళ్ళబిందె చంకనెత్తుకుని, అలవాటు కొద్దీ తలుపును భుజంతో బలంగా నెట్టింది. అది చప్పుడు లేకుండా తెరుచుకుంది. బిందెతో సహా ఆమె లోపల కూలబడింది. లేవదీయబోయిన మొగుడి చేతిని వద్దని తోసేసి, తడి నేలమీదే కూర్చుని అంది:

"పోన్లే, వచ్చేవాళ్ళకి భుజాలు నొప్పెట్టవు."