నా చేతికి దేశం ఇవ్వని సార్

మొన్న శుక్రవారం ఉదయం బోధన్ బస్టాండులో నిజామాబాద్ బస్సు కోసం నిలబడి ఉండగా, సోడాబండి అతను "మీ ఖదీర్ సార్ పోయిండంట గదా, తెల్లారంగ" అన్నాడు. "ఏ ఖదీర్ సార్?" అని అడిగాను. తెలియక కాదు, ఇంకెవరైనా అయితే బాగుండునని. ముందుగా కలిగింది దుఃఖం కాదు, భయం. ఆయన బతికుండగా నలుగురి ముందు చెప్పవలసిన మాట ఒకటి ఇన్నేళ్లుగా నా దగ్గర ఉండిపోయింది.

మరునాడు మా బడిలో సంతాపసభ రెండు నిమిషాల్లో ముగిసింది. "పాత ఉర్దూ సార్" అని ఒక్క ముక్క చెప్పి పిల్లలను తరగతులకు పంపేశారు. ముప్పై ఏళ్లు ఈ ఊరికి ప్రపంచాన్ని చూపించిన మనిషికి దక్కిన గౌరవం అంతే. ఎవరు మాట్లాడారో, ఎవరు గడియారం చూసుకున్నారో నాకు గుర్తుంది. వాళ్లు చెప్పనిది నేను రాస్తున్నాను.

ఖదీర్ సార్ మొదట ఉర్దూలోనే భూగోళం చెప్పేవారు. రాష్ట్రం మారి చదువు తెలుగులోకి వచ్చినప్పుడు నడివయసులో తెలుగు అక్షరాలు దిద్దారు. ఆయన గదిలోని ప్రపంచ పటం మాత్రం ఉర్దూదే. కొత్త పటం కొనడానికి బడికి ఎన్నడూ చేతులు రాలేదు. అందుకని సార్ ఒక పద్ధతి పెట్టారు. ఏదైనా దేశం స్వతంత్రమైందనో, రాజధాని మారిందనో రేడియోలో వినగానే, కొత్త పేరును తెలుగులో చిన్న చీటీ మీద రాసేవారు. మర్నాడు మైదాపిండి ఉడికించిన లై డబ్బీలో పోసుకొని వచ్చేవారు. ఒక విద్యార్థి స్టూలెక్కి ఆ చీటీని పటం మీద అంటించాలి. మిగిలినవాళ్లం చప్పట్లు కొట్టాలి. ఆఫ్రికాలో ఒక్క ఏడాదే పదిహేడు దేశాలు స్వతంత్రమైనప్పుడు మా తరగతిలో చప్పట్లకు అంతు లేదు.

పుస్తకంలో ఉన్నది ఉన్నట్టు ఆయన ఎన్నడూ చెప్పలేదు. "క్యూబాల కండ్లు మూసుకొని దిగిన్రనుకో, బోధన్ల దిగినట్టే ఉంటది. గదే చెరుకు, గదే చక్కెర ఫ్యాక్టరీ మడ్డి వాసన" అనేవారు. సరిహద్దు గీతల దగ్గర మేం తడబడితే ఊరడించేవారు. "గీత కనవడంగనే భయపడకున్రి. గీత అవుతల గూడ మనుషులు బువ్వ తింటుంటరు."

నా మీద మాత్రం ఆ దయ చూపలేదు. ఘనా స్వతంత్రమైనప్పుడు ఆ చీటీ నా చేతికి వచ్చింది. స్టూలు మీద తడబడి, దేశాన్ని తీసుకెళ్లి గినీ సింధుశాఖలో అంటించాను. తరగతి గొల్లుమంది. మాది పసుపు పండే మెండోర ఊరు. "మెండోర పసుపుకొమ్మా, పుట్టిన నాడే దేశాన్ని నీళ్లల్ల ముంచినవ్ గదరా! ఈ గంగారాం చేతికి ఇంక దేశం ఇయ్యద్దు" అన్నారు సార్. అన్నట్టే చేశారు. బడి వదిలేదాకా నాకు మళ్లీ చీటీ దక్కలేదు. వెనుక బెంచీ మొద్దులు కూడా దేశాలంటించారు. నేను చప్పట్లు కొట్టాను.

ఆ బడిలోనే పంతులుగా చేరాక కూడా అడిగాను. "ఇప్పుడన్నా ఇయ్యున్రి సార్" అంటే, "నౌకరీ ఇచ్చిన్రు, చాలదా? దేశం గూడ గావాల్నా?" అని నవ్వారు. పిల్లల ముందు అన్నారు. అది నాకు ముల్లులా గుచ్చుకుంది.

కొన్నాళ్లకు పాకిస్తాన్ కొత్త రాజధాని పేరు చీటీ మీద రాశారు. దాన్ని వెలుగుకు పట్టి, "వెడల్పయింది. సన్నగ కత్తిరించినంకనే అంటియ్యాలె" అని లై డబ్బీ మూత కింద దాచి గదిలోనే పెట్టారు. ఆ వారం ఆయన జ్వరంతో మంచం పట్టి నెల దాకా లేవలేదు. ఎనిమిదేళ్ల పట్టుదల నాది. గదిలో ఎవరూ లేని మధ్యాహ్నం, కత్తిరించకుండానే, ఆ చీటీని నేను అంటించాను. ఊరు సరిగ్గా తన చోటులోనే పడింది. చీటీ అంచు మాత్రం తూర్పుకు జరిగి కాశ్మీరును మొత్తం కప్పేసింది. నేను గమనించలేదు. గెలిచాననుకున్నాను.

నెల తిరగకుండానే యుద్ధం వచ్చింది. చక్కెర ఫ్యాక్టరీ సైరను మోగినా జనం ఆకాశం వైపు చూసే రోజులవి. కొడుకు సర్టిఫికెట్ కోసం వచ్చిన ఒక పెద్దమనిషి పటం ముందు ఆగి, "గిదేంది? కాశ్మీర్ మీద ఇస్లామాబాద్ అంటించిన్రా!" అని కేక వేశాడు. గంటలో పోలీసులొచ్చారు.

"ఎవరంటించిన్రిది?" అని జమాదారు అడిగాడు.

జ్వరం తగ్గి బడికి వచ్చిన మొదటి రోజది. సార్ పటం దగ్గరికి వెళ్లి, కళ్లద్దాలు ఎత్తి చీటీని చూశారు. నేను సుద్దముక్క పట్టుకొని రెండడుగుల దూరంలో నిలబడ్డాను. ఆయన నా వైపు ఒక్కసారి చూశారు. చీటీ మీది రాత ఆయనదే. అంటించిన చెయ్యి ఎవరిదో ఆయనకు తెలుసు.

"పటం నాది, రాత నాది. నేనే అంటించిన" అన్నారు.

"ఖదీర్ సాబ్, ఏమన్నరో ఎరుకేనా?"

"ఎరుకే. నడువున్రి."

పటాన్ని చుట్టి చంకలో పెట్టుకొని ఆయనను తీసుకెళ్లారు. పదకొండు రోజులు. ప్రతి ఉదయం బడికి వెళ్లేటప్పుడు ఇవాళ చెప్తాననుకునేవాడిని. గేటు దగ్గర ఖాకీ బట్టలు కనిపిస్తే సందులోంచి తిరిగి వెనుక గుమ్మంలో దూరేవాడిని. ఒకరోజు సార్ భార్య నన్ను బజారులో ఆపి, "గంగారాం బేటా, ఆయన గిట్ల ఎందుకు జేసిండు? నీకేమన్న ఎరుకనా?" అని అడిగింది. తెలియదన్నాను.

ఆయన తిరిగి వచ్చారు కానీ భూగోళం మళ్లీ ఆయనకు ఇవ్వలేదు. విరిగిన బెంచీల గదిలో హాజరు పట్టీలు రాస్తూ ఉద్యోగం ముగించారు. ఆయనతో చాయ్ తాగడం మానేసినవాళ్లు ఎవరెవరో నాకు తెలుసు. ఆయన పాఠం ఆయనకివ్వాలని, పటం తిరిగి ఇప్పించాలని పైవాళ్లకు దరఖాస్తుల మీద దరఖాస్తులు పెట్టాను. అందరి తప్పులూ రాశాను. అంటించింది నేనని ఒక్క దాంట్లోనూ రాయలేదు.

కిందటి నెల చూడడానికి వెళ్లినప్పుడు మంచంలో ఉన్నారు. "సార్, ఆ చీటీ..." అని మొదలుపెట్టాను.

"అందుకే అన్న గదరా, నీ చేతికి దేశం ఇయ్యద్దని" అన్నారు. నవ్వబోతే దగ్గు వచ్చింది. తలదిండు కింది నుంచి లై డబ్బీ తీసి, దాంట్లోంచి ఒక చీటీ నా అరచేతిలో పెట్టారు. దాని మీద 'బంగ్లాదేశ్' అని ఉంది. అంచులు సన్నగా కత్తిరించి ఉన్నాయి. "రేడియోల విన్న నాడే రాసి పెట్టిన. పటం లేకపాయె. ఇది నువ్వే అంటియ్యి. కింద బంగాళాఖాతం ఉంటది, పైలం."

ఆయన పాఠం చెబితే మా జిల్లా పిల్లలకు లోకం గోదావరి అవతలి గట్టంత దగ్గరగా ఉండేది. అటువంటి గురువు మాకు మళ్లీ దొరకడు. పూలదండ తీసుకొని ఆయన సమాధి దగ్గరికి వెళ్లే అర్హత నాకింకా రాలేదు.

పటం ఇప్పటికీ ఠాణా సామాను గదిలోనే ఉందట. రేపు సోమవారం అడగడానికి వెళ్తున్నాను. బంగ్లాదేశ్ చీటీ జేబులో ఉంది. పటం విప్పగానే ఆ పాత చీటీ బయటపడుతుంది. ఎవరంటించారని మళ్లీ అడుగుతారు. నేనే అంటించానని చెప్తాను సార్.