సారమ్మత్త అందరికంటే ముందు నవ్విన సినిమా

మా చిన్నప్పుడు... కావలిలో మా చర్చి హాల్లో, ఒక ఆదివారం మధ్యాహ్నం, కిటికీలకు దుప్పట్లు కట్టి సినిమా వేశారు. గోడకు బిగించిన తెల్లపంచే తెర.

సారమ్మత్త మా నాన్నకు అక్క. చిన్నతనంలో జ్వరమొచ్చి వినికిడి పోయింది, మాట కూడా నిలిచిపోయింది. మాతోనే ఉండేది. టూరింగ్ టాకీస్‌కు తీసుకెళ్తే తెరను వదిలేసి మా మొహాలు చూసేది... మేం నవ్వాక తను నవ్వేది. అది చూసి పక్కవాళ్లు మళ్లీ నవ్వేవాళ్లు. దాంతో సినిమాలకు రావడమే మానేసింది.

ఆ రోజూ రానని చెయ్యి ఊపింది. అమ్మే బలవంతాన తీసుకొచ్చింది.

తెర మీద ఒక దొర. భార్య బయటికెళ్తూ వంట అప్పగించింది. పిండి కలిపితే చేతులకు అంటుకుంది... విదిలిస్తే గోడకు, తుడవబోతే టోపీకి! మాటల్లేవు, పాటల్లేవు.

"ఏందబ్బా, మాటలు యాడబోయినాయి? మిషను చెడిపోయినట్టుండాదే!" వెనక నుంచి ఎవరో అరిచారు.

అంతలో పెద్దగా ఒక నవ్వు... సారమ్మత్త! దొర వెనక పొయ్యి మీద పాలు పొంగడం మాకంటే ముందు ఆమే చూసింది. మోకాళ్లు చరుచుకుంటూ, కళ్లనీళ్లు కారుతుంటే నవ్వింది. ఆ నవ్వు అంటుకుని హాలంతా నవ్వింది.

మర్నాడు పొద్దున, సినిమా చూడని పక్కింటావిడ కోసం అత్త మా వంటింట్లో ఆ కథంతా ఆడి చూపించింది. నాన్న టోపీ పెట్టుకుంది. అప్పడాల కర్ర పట్టుకుంది. ముక్కు మీద పిండి...

"చాలొదినా, పొట్ట పగిలిపోతాంది!" అమ్మ గోడకు ఆనుకుని కూలబడింది.

గుమ్మంలో నిలబడి చూస్తున్న నాన్న మాత్రం నవ్వలేదు. "ఇన్నేండ్లు మనింట్లోనే ఉండాదే... మా అక్కకి ఇంత వచ్చని నాకే తెలవలా" అన్నాడు.

అత్తకు అది వినపడలేదు. తమ్ముడి మొహం చూసి దగ్గరికొచ్చి, తన ముక్కు మీది పిండి తీసి ఆయన ముక్కుకు రాసింది. అప్పుడు నవ్వాడు.

అత్త పోయి చాలా ఏళ్లయింది. ఇప్పుడు మా ఇంట్లో మనిషికో తెర, ఎవరి నవ్వు వాళ్లది. పక్కగదిలోంచి మా అమ్మాయి నవ్వు వినిపిస్తే, ఎందుకో అడుగుదామని లేస్తాను... వెళ్లేసరికి అయిపోయి ఉంటుంది.

మీ ఇంట్లో అందరినీ ఒక్కచోట చేర్చి నవ్వించిన మనిషి ఎవరు? చెప్పరూ...