గ్లాసు చప్పుడు

ఆ చేపంటే నాకు మొదటి నుంచీ పడదు. ముందే చెప్పేస్తున్నాను, చివరికి వచ్చాక నన్నెవరూ జంతుప్రేమికుడని అనుకోకూడదు. వేలెడంత చేప. నీలం ఒళ్ళు, ఎర్ర తోక, ఒంటిని మించిన పొగరు. సూరత్‌లో మేముండే గల్లీ చివర దుకాణంలో నా భార్య దాన్ని కొనుక్కొచ్చింది. దాన్ని ఫైటర్ అంటారట, ఇంకో చేపను పక్కన పెడితే చంపేదాకా కొట్లాడుతుందట, అందుకని ఒంటరిగానే ఉంచాలట. ఇంట్లో ఒక ఫైటర్ ఉండగా ఇంకొకటెందుకు అన్నాను. ఆమె నవ్వలేదు. చీరలకు రాళ్ళంటించి తను సంపాదించుకున్న డబ్బుతో కొన్నది కాబట్టి అంతకు మించి నేను నోరెత్తలేకపోయాను.

నేను సిరిసిల్ల వైపు వాణ్ణి. సూరత్‌లో సాంచాలు నడుపుతాను. మరమగ్గాలను మేం సాంచాలంటాం. కార్ఖానాలో అవన్నీ ఒకేసారి ఆడుతుంటే పక్కవాడి చెవిలో నోరు పెట్టి అరిచినా వినపడదు. అందుకే అక్కడ ఎవరూ ఎవరినీ పేరు పెట్టి పిలవరు. చేతిలోని పానాతో ఇనుప చట్రం మీద రెండు దెబ్బలు వేస్తే అవతలి మనిషి తలెత్తి చూస్తాడు. ఇంటికొచ్చాక కూడా ఆ మోత చెవుల్లోంచి పోదు, చేతికి పట్టిన అలవాటూ పోదు. అన్నానికి కూర్చుని స్టీలు గ్లాసు నేలకు రెండుసార్లు కొడితే నీళ్ళు రావాలి. మూడుసార్లు కొడితే కూర రావాలి. పెళ్ళయిన ఎనిమిదేళ్ళూ అట్లాగే నడిచింది. మా వైపు మొగుడు పెళ్ళాన్ని పేరు పెట్టి పిలవడం ఎట్లాగూ తక్కువే. నాకందులో తప్పేమీ కనపడలేదు.

ఆ ఏడాది హోలీ అయిన తర్వాతి ఆదివారం, మధ్యాహ్నం అన్నం ముందు కూర్చుని గ్లాసు కొట్టాను. ఆమె రాలేదు. చేప తొట్టి ముందు కూర్చుని, వేలి కొన మీద గింజ పెట్టి దానికి తినిపిస్తోంది. ఇంకాస్త గట్టిగా కొట్టాను. చేప అదిరిపడి తొట్టిలోని ఆకు వెనక దూరింది. ఆమె తడి వేలు తుడుచుకోకుండానే నా వైపు తిరిగింది.

"ఎనిమిదేండ్ల సంది కొడ్తున్నవ్. నాకు పేరు లేదా? నేనేమన్న సాంచానా?"

"నీళ్ళు తెమ్మంటె గింత కథేంది?" అన్నాను.

"చేపకు గూడ తెలుస్తున్నది, గది పిలుసుడు గాదని."

గ్లాసు తీసి గోడకేసి కొట్టాను. ఆమె మీదికి కాదు, గోడకే. అయినా కొట్టాను. గ్లాసు అంచు నొక్కుకుపోయింది. మర్నాడు పొద్దున ఆమె సంచి సర్దుకుంది. గుమ్మంలో నిలబడి చేప గురించి మాత్రం అప్పగింతలు పెట్టింది. "పొద్దుగాల నాలుగు గింజలు, పొద్దుమీకి రెండు. ఎక్కువ ఎయ్యకు. బకెట్ల ఒక రోజు నిలవెట్టిన నీళ్ళే పొయ్యి. సబ్బు చేతులు పెట్టకు. మీది మూత తీసి ఉంచకు, ఎగిరి పడ్తది. అద్దం చూపెట్టి ఉడికియ్యకు. గాజును కొట్టకు." చివరి మాట నా కళ్ళలోకి చూస్తూ అంది. చేప ఏం తినాలో చెప్పింది గానీ నేనేం తినాలో చెప్పలేదు.

ఆమె తల్లిగారింటికి చేరిన వారానికే లాక్‌డౌన్ పడింది. బండ్లు ఆగిపోయాయి. సాంచాలు కూడా ఆగిపోయాయి. సూరత్‌కు వచ్చాక అంత నిశ్శబ్దం నేనెప్పుడూ వినలేదు. ఆ నిశ్శబ్దంలో నేనూ, ఆ చేపా, ఒక్క గది. నేను తొట్టి దగ్గరికి పోతే చాలు, మొప్పలు గొడుగులా విప్పి, తోక నిక్కబొడుచుకుని మీదికొచ్చేది. నేను కూడా పళ్ళు కొరికి చూపించేవాణ్ణి. కోపం వస్తే గోటితో గాజు మీద టకటకా కొట్టేవాణ్ణి. అది ఆకు వెనక దూరేది, నాకు తృప్తిగా ఉండేది.

పక్క గదుల వాళ్ళు బార్డోలీ మీదుగా నడిచైనా సొంతూళ్ళకు పోదామని మూటలు కట్టారు, నన్నూ రమ్మన్నారు. ఆమెకు ఫోన్ చేశాను.

"నేను గూడ వస్తున్న."

"చేప?"

"చేపదేముంది, ఎవలకన్న ఇస్త."

"దాన్ని ఇడిసిపెట్టి వస్తె మా గడప తొక్కకు."

"మరి నువ్వెప్పుడొస్తవ్?"

"అది నీ చేతిలకెల్లి తిన్ననాడు వస్త." రానని చెప్పడానికి ఆమె ఎంచుకున్న పద్ధతి అది. నన్ను చూస్తే ఆ చేప కొట్లాటకు వస్తుందని ఆమెకు తెలుసు. నాకు ఒళ్ళు మండిపోయింది. కట్టుకున్న మూట విప్పేశాను. వేలెడంత చేపకు నేను లొంగుతానా అనుకున్నాను. కానీ లోపల భయంగానే ఉంది. ఆమె నిజంగానే రాకపోతే నాకు ఆ ఊళ్ళో మనిషనేవాడు లేడు.

తినిపించడం ఎంత పని అనుకున్నాను. మూడు రోజులు చేపకు ఒక్క గింజ వెయ్యలేదు. నాలుగో రోజు పొద్దున వేలి కొన తడి చేసి, గింజ అంటించి, నీళ్ళ మీద పెట్టాను. అది బాణంలా వచ్చి గింజను నా వేలి చర్మంతో సహా కొరికింది. రెండో చేత్తో వీడియో తీశాను. గెలిచానని ఆమెకు పంపించాను. అయిదు నిమిషాల్లో ఫోన్ వచ్చింది.

"ఎన్ని దినాలు ఉపాసం ఉంచినవ్?"

"ఏందీ?"

"దాని కడుపు చూడు, లోపటికి పోయింది. ఆకలికి తిన్నది. నువ్వంటె ఇష్టమై తిన్నదా? నన్ను గూడ గట్లనే అనుకున్నవ్. యాడికి పోతది, తిండికన్న వస్తది అని. ఇగ నేను రాను."

ఫోన్ పెట్టేసింది. ఆమె పోయిన రోజు నేను అనుకున్నది సరిగ్గా అదే. తల్లిగారు ఎన్నాళ్ళు పెడతారు, పది రోజుల్లో అదే వస్తుందని గదిలో పైకే అన్నాను. ఆ మాట చేప తప్ప ఎవరూ వినలేదు.

కోపంతో తొట్టి ఎత్తుకుని నీళ్ళగదిలోకి పోయాను. తూము దగ్గర వంచుదామని మూత తీశాను. నీళ్ళు ఒక పక్కకు ఒరిగాయి. చేప ఆ ఒరిగిన నీళ్ళలోనే నా వైపు తిరిగి మొప్పలు విప్పింది. మూడు రోజులు తిండి లేదు, ఇల్లు పల్టీ కొడుతోంది, అయినా తగ్గలేదు. నీ బతుకు నా చేతిలో ఉంది, అయినా నన్నే బెదిరిస్తావా అని తిట్టాను. తిడుతూనే తొట్టిని మళ్ళీ గట్టు మీద పెట్టాను. ఆ పూట నాలుగు గింజలు వేసి, అది తినేదాకా దూరంగా గోడకానుకుని కూర్చున్నాను. సిగ్గుగా అనిపించింది.

మర్నాటి నుంచి పందెం మానేసి, చేపకు నచ్చే లెక్కన చేశాను. పొద్దున ఒకే వేళకు తొట్టి ముందు కూర్చునేవాణ్ణి. గాజు బయట వేలు ఆనించి ఊరికే ఉంచేవాణ్ణి. కొట్టడం లేదు, కదపడం లేదు. సాంచాల వాడికి ఊరికే కూర్చోవడమంటే తల ప్రాణం తోకకొచ్చే పని. మొదటి వారం అది మొప్పలు విప్పుతూనే ఉంది. అది మొప్పలు విప్పిందంటే నేను వేలు తీసి వెనక్కి జరిగేవాణ్ణి. అట్లా వెనక్కి జరగడం నాకు ఎవరి దగ్గరా అలవాటు లేదు. తర్వాత ఒకరోజు వేలు పక్కకు జరిపితే అది కూడా జరిగింది, మొప్పలు మూసుకునే.

ఒకసారి కూరగాయలకు పోయి వచ్చాను. గేటు దగ్గర వాచ్‌మన్ దోసిట్లో సానిటైజర్ పోశాడు. పైకి వచ్చి గింజ తీసి, వేలు నీళ్ళ దాకా పెట్టాక ఆ ఘాటు వాసన ముక్కుకు తగిలింది. చెయ్యి వెనక్కి లాక్కున్నాను. కొళాయి కింద వేళ్ళు ముడతలు పడేదాకా కడిగి, ఆ పూట చెయ్యి పెట్టకుండా గింజలు పైనుంచే వేశాను. రాత్రి రెండుసార్లు లేచి దాన్ని చూశాను. ఆ చేప చచ్చిపోతే ఆమెకు ఏం చెప్పాలన్న భయం కాదది. చేప కోసమే భయపడ్డాను, అది నాకు అస్సలు నచ్చలేదు.

వానలు మొదలైన రోజుల్లో, ముందు రోజు కడుపు నిండా తిన్న చేప, నా వేలి దగ్గరికి వచ్చి, గింజ ముందు ఆగి, నన్నొకసారి చూసి, మెల్లగా తీసుకుంది. వేలిని కొరకలేదు. సాయంత్రం ఆమె ఫోన్ చేసింది. రానన్నాక కూడా అప్పుడప్పుడు చేసేది, మాట్లాడుకునేది చేప గురించి మాత్రమే.

"తిన్నదా?"

"తిన్నది."

"వీడియో ఏది?"

"తియ్యలె. ఫోను లేపితె బెదుర్తది."

"కడుపు?" అని అడిగింది.

"నిండుగనే ఉన్నది. రెండు పూటలు పెడ్తున్న."

ఆమె ఫోన్ పెట్టేసింది. మళ్ళీ బండ్లు నడిచాక, ఒక పొద్దున సంచితో గుమ్మంలో నిలబడి ఉంది. "నీ కోసం రాలె. మా వదినె ముఖం చూడలేక వచ్చిన," అంది. చేతులు కడుక్కుని నేరుగా తొట్టి దగ్గరికి పోయింది. చేప ఆమెను చూసి మొప్పలు విప్పింది. ఇన్ని నెలలు వదిలేసి పోతే దానికి మాత్రం కోపం ఉండదా అని నేను లోపల్లోపల సంతోషించాను. రెండు రోజుల్లో ఆ ఇద్దరూ ఒక్కటయ్యారు, నేను మళ్ళీ ఒంటరివాణ్ణయ్యాను.

అప్పటికే సాంచాలు మొదలయ్యాయి, పక్క గదుల వాళ్ళూ తిరిగొచ్చారు. ఆమె వచ్చిన వారానికి, పగటి డ్యూటీ దిగి చెవుల్లో మోతతో అన్నం ముందు కూర్చున్నాను. ఆమె పొయ్యి దగ్గర ఉంది. చేతికి ఆ అంచు నొక్కుకున్న గ్లాసే తగిలింది. ఆలోచించలేదు. టక్, టక్. కొట్టేశాను.

చేప ఆకు వెనక దూరింది.

ఆమె వెనక్కి తిరగలేదు. గరిట మాత్రం ఆగిపోయింది. ఆ ఆగిన చెయ్యి చూసి నాకు భయమేసింది. ఆమె సంచి ఇంకా మూలనే ఉంది, సగం బట్టలు దాంట్లోనే ఉన్నాయి. గ్లాసు కింద పెట్టాను. లేచి పొయ్యి దాకా పోయాను. జన్మలో మొదటిసారి ఆమెను పేరు పెట్టి పిలిచాను. చెవుల్లో మోత ఉంది కదా, ఎంత గట్టిగా పిలిచానో నాకు తెలియలేదు. పక్క గదుల తలుపులు తెరుచుకున్నాయి.

"గంత గట్టిగ ఒర్రకు, చేప బెదుర్తది," అంది ఆమె, కూర కలుపుతూనే. "నీళ్ళు గా కుండల ఉన్నయ్."

నేనే ముంచుకుని తాగాను.