కెనడా అక్కకు కప్పిన శాలువా

సింగపూరు వచ్చిన కొత్తలో, అంటే తల నిండా జుట్టూ ఒంటి నిండా మొహమాటమూ ఉన్న ఆ కాలంలో, ఎవరికైనా సరే "కాదు" అని చెప్పడం నాకు చేతనయ్యేది కాదు. ప్రొఫెసరు గారు ఆదివారం ల్యాబుకు రమ్మంటే సరే, పక్కింటావిడ రెండు వారాలు తన కుక్కను చూసుకోమంటే సరే, తెలుగు బృందం వాళ్లు ముగ్గుల పోటీకి జడ్జిగా కూర్చోమంటే సరే (నాకు చుక్కలు కూడా వరసలో పెట్టడం రాదు). అందరూ నన్ను మంచిపిల్ల అనేవారు. ఆ ఒక్క మాట కోసం నేను ఆడిన అబద్ధాలకు లెక్క లేదు. వాటన్నిటిలోకీ పెద్దది మాత్రం బంగారు రంగు అక్షరాల్లో అచ్చయి, ఫ్రేము కట్టించుకుని, నూట యాభై మంది ముందు మైకులోకి ఎక్కింది. ఎక్కించింది కూడా నేనే.

అప్పుడు నేను క్లెమెంటిలో ఒక ఫ్లాట్‌లో గది అద్దెకు తీసుకుని, యూనివర్సిటీలో తుప్పు మీద పరిశోధన చేస్తుండేదాన్ని. (ఇనుముకు పట్టే తుప్పే. మా అమ్మ మాత్రం తెనాలిలో అందరికీ "మా అమ్మాయి లోహాల సైంటిస్టు" అని చెప్పుకునేది. మా ఇంట్లో ఈ గుణం వంశపారంపర్యం.) పక్క గదిలో కెనడా అక్క ఉండేది. యాభైకి దగ్గర పడిన మనిషి, మోచేతుల దాకా పచ్చబొట్లు, సగం విరిగిన ముందు పన్ను. ఈ ఊళ్లో పెద్దవాళ్లెవరినైనా ఆంటీ అనేస్తే సరిపోతుందని మొదటి రోజు "గుడ్ మార్నింగ్ ఆంటీ" అన్నాను. ఆవిడ చేతిలో గరిటె పట్టుకుని నా వంక చూసిన చూపుకి మధ్యాహ్నానికల్లా అక్కను చేసేశాను.

అక్క ఉద్యోగం ఏమిటంటే, బ్యాంకుల్లో పనిచేసే పెద్ద పెద్ద ఆఫీసర్లకు గొంతు నొప్పి పుట్టకుండా నెమ్మదిగా మాట్లాడటం నేర్పించడం. ఆ పనికి ఆవిడకున్న అర్హత, పాతికేళ్ల పాటు స్టేజీల మీద అరిచి అరిచి గొంతు పాడుచేసుకోవడం, ఆపరేషన్ అయ్యాక మాటలు మళ్లీ మొదటి నుంచి నేర్చుకోవడం. కెనడాలో నలుగురు ఆడపిల్లలు కలిసి పెట్టిన ఒక పంక్ రాక్ బ్యాండులో ముందు నిలబడి పాడింది ఈవిడే. పంక్ అంటే ఏమిటక్కా అని అడిగితే, "వాయించడం కొంచెమే వచ్చినా, కోపం బోలెడంత ఉంటే చాలనుకునే వాళ్ల సంగీతం" అంది. (అక్క ఇంగ్లీషులో అన్నవన్నీ నా తెలుగులో చెబుతున్నాను.) ఒకసారి వాళ్ల రికార్డు పెట్టి వినిపించింది. నేను పరుగున వంటింట్లోకి వెళ్లి కుక్కరు కింద స్టవ్ ఆపేసి వచ్చాను.

ఇక మా తెలుగు బృందానికి ప్రెసిడెంటు అంకుల్ అని ఒకాయన ఉండేవారు. జురాంగ్ ఐలాండ్‌లో ప్లాంట్ ఇంజనీరు. వార్షికోత్సవాన్ని కూడా ప్లాంటు నడిపినట్టే నడిపేవారు. ఎవరు ఎన్ని గంటలకు దీపం వెలిగించాలి, ఎన్ని నిమిషాలు నవ్వాలి, అన్నీ కాగితం మీద ఉండేవి. ఆ ఏడు సన్మానానికి రావాల్సిన హైదరాబాదు గాయని గారు నాలుగు రోజుల ముందు రాలేనన్నారు. అంకుల్ నాకు ఫోన్ చేసి దాదాపు ఏడ్చేశారు.

"హాలు బుక్కయిపోయింది. శాలువా వచ్చేసింది. పులిహోరకి ఆర్డరిచ్చేశాం. కప్పటానికి మనిషి లేకుండా పోయిందమ్మా!"

"మా ఫ్లాట్‌లో ఒక గాయని ఉన్నారంకుల్. కెనడా ఆవిడ," అన్నాను. ఎవరైనా బాధపడుతుంటే చూడలేను నేను.

"ఎన్నేళ్ల నుంచి పాడుతున్నారు?"

"పాతికేళ్లు పాడారంకుల్."

"అబ్బో! శాస్త్రీయమేనా?"

"ఆఁ... వాళ్ల పద్ధతిలో శాస్త్రీయమే అంకుల్."

అక్కతో చెబితే మొదట పగలబడి నవ్వింది. "ఈ ఊళ్లో ఒంటి మీద చొక్కానే బరువు, శాలువా ఎందుకు?" అంది. అది చలికి కాదని, మా వాళ్లు మనిషిని గౌరవించే పద్ధతి అదని, శాలువా కప్పే ముందు ఆ మనిషి పుట్టుక నుంచి చేసిన పనులన్నీ రాసి సన్మానపత్రం అని అందరి ముందు చదువుతారని చెప్పాను. అక్క నవ్వు ఆపేసింది.

"నా జీవితం? అందరి ముందు? పైకి చదువుతారా?"

"అవునక్కా."

"అయితే కూర్చో. రాసుకో."

గురువారం పొద్దున్న వంటింటి బల్ల దగ్గర, ల్యాబు నుంచి తెచ్చిన గ్రాఫు కాగితం వెనక నేను రాసుకున్నాను. మంచు తప్ప ఇంకేమీ లేని చిన్న ఊళ్లో పుట్టానంది. పన్నెండేళ్లప్పుడు గొంతు మరీ పెద్దదని చర్చి పాటల బృందంలోంచి గెంటేశారంది. పదహారేళ్లకు చేపల ఫ్యాక్టరీలో పనికి చేరితే, పక్కన నిలబడి చేపల తలలు నరికే పిల్ల డబ్బాల మీద తాళం వేస్తుండేదట. ఆ పిల్లే తర్వాత వాళ్ల బ్యాండులో డ్రమ్ములు వాయించింది. పాత బ్రెడ్డు వ్యానులో సామాను వేసుకుని దేశమంతా తిరిగారు, ఎవరి ఇంట్లో నేల ఖాళీగా ఉంటే అక్కడ పడుకున్నారు. ఒక షోలో మైకు తగిలి పన్ను విరిగింది. ఇంకో షోకి గోల ఎక్కువైందని పోలీసులు వచ్చారు. రెండు రికార్డులు వచ్చాయి, మూడోది రాలేదు. పేరు వస్తుంది వస్తుంది అనుకుంటూనే వయసు వచ్చేసింది.

చివర్లో కాఫీ కప్పు పక్కకు జరిపి ఇంకోటి చెప్పింది. ఒక ప్రయాణంలో తనకూ డ్రమ్ముల స్నేహితురాలికీ మాటా మాటా పెరిగిందట. దారిలో పెట్రోలు బంకు దగ్గర ఆమె చేతులు కడుక్కోవడానికి దిగితే, ఈవిడ వ్యాను స్టార్టు చేయించి వెళ్లిపోయింది. ఆ చలిలో, కోటు కూడా వ్యానులోనే ఉండగా. మళ్లీ ఇద్దరూ మాట్లాడుకోలేదు. అప్పటికి పద్దెనిమిదేళ్లు.

"ఇది నేను ఎవరికీ చెప్పలేదు. ఎవరైనా పైకి చదివితే వినాలని ఉంది. అందుకే వస్తానన్నాను," అంది. "ఒక్కటే షరతు. నన్ను మంచిదాన్ని చెయ్యకు."

నేను సరేనన్నాను. చెప్పాను కదా, అప్పట్లో అందరికీ సరేననేదాన్ని.

సాయంత్రం ప్రెసిడెంటు అంకుల్ ఫోన్. "ఏవమ్మా, పత్రం నిండుగా ఉండాలి. పిల్లలు వింటారు, పెద్దలు వింటారు." ఆయనకూ సరేనన్నాను. ఇద్దరికీ సరేనన్నాక ఎవరో ఒకరికి అన్యాయం చెయ్యాలి కదా. తెలుగు రాని మనిషికి చేస్తే తెలియదులే అనుకున్నాను (ఈ వాక్యం రాయడానికి ఇప్పటికీ సిగ్గుగానే ఉంది). మా నాన్న స్కూల్లో రిటైరయ్యే మాస్టర్లందరికీ సన్మానపత్రాలు రాసేవారు. ఆ చెయ్యి నాకూ వచ్చింది. చర్చిలోంచి గెంటేయడం "బాల్యంలోనే భక్తి సంగీతంతో ప్రస్థానాన్ని ప్రారంభించి" అయింది. చేపల ఫ్యాక్టరీ "శ్రమైక జీవనాన్ని ఆదరించి" అయింది. విరిగిన పన్ను "కళ కోసం దేహాన్ని సైతం లెక్కచేయని తపస్విని" అయింది. పోలీసుల దగ్గర కాసేపు ఆగాల్సి వచ్చింది. చివరికి "రక్షకభటులు సైతం విధులు విడిచి తరలివచ్చి ఆలకించిన మృదుమధుర గాత్రం" అని రాసేసి, నన్ను నేనే మెచ్చుకున్నాను. పెట్రోలు బంకు మాత్రం ఏ మాటలోనూ ఇమడలేదు. దాన్ని వదిలేశాను. ఆ మాటకొస్తే అక్క తన స్నేహితురాలిని వదిలేసినంత తేలిగ్గానే వదిలేశాను.

ఆదివారం పొద్దున్న కమ్యూనిటీ సెంటరు హాలు కిటకిటలాడింది. స్టేజీ మీద అక్క నల్ల చొక్కాతో, నేను బలవంతంగా పెట్టించిన మల్లెపూలతో కూర్చుంది. పక్కన టోవా పాయో ఆంటీ (టోవా పాయో అనేది ఆవిడ ఉండే పేట). ఈవిడ తాతల కాలంలోనే ఇక్కడికి వచ్చిన కుటుంబం. తెలుగు, తమిళం, మలయ్, ఇంగ్లీషు అన్నీ కలిపి ఒకే భాషగా మాట్లాడేవారు. అందరిలోకీ పెద్దవారని ప్రతి ఏడూ స్టేజీ మీద కూర్చోబెట్టేవాళ్లం. ఆవిడ గొంతుకు మైకు అవసరం లేదని తెలిసి కూడా ఎవరో ఆవిడ ముందు ఒకటి పెట్టారు.

నేను ఫ్రేము చేతిలో పట్టుకుని చదవడం మొదలుపెట్టాను. రెండో వాక్యానికి నా వెనక నుంచి హాలంతా వినపడేలా ఇంకో గొంతు మొదలైంది. పాపం వచ్చిన అతిథికి ఏమీ అర్థం కావడం లేదని ఆంటీ జాలిపడి, ఒక్క ముక్క పోకుండా ఇంగ్లీషులో చెప్పేస్తున్నారు. "షి సే, స్మాల్ టైమ్ యూ ఆల్వేస్ సింగ్ ఫర్ గాడ్ లా." (ఆ చివరి 'లా' ఈ ఊరి ఊతపదం.) ఆగితే ఆవిడా ఆగుతారని ఆగాను. "చదువుమ్మా, చదువు, ఎందుకు బయం?" అన్నారు. పోలీసుల దగ్గరికి వచ్చేసరికి, "పోలీస్ ఆల్సో స్టాప్ వర్క్, కమ్ అండ్ లిజన్. సో స్వీట్ యువర్ వాయిస్!"

కుర్చీ వెనక్కి జరిగిన చప్పుడైంది. అక్క లేచి నా పక్కకు వచ్చి నిలబడింది. తిడుతుందనుకున్నాను. తిట్టి ఉంటే బాగుండేది. నా చెవిలో, తన ఆఫీసర్లకు నేర్పే ఆ నెమ్మదైన గొంతుతో, "నువ్వు కూడా నన్ను చూసి సిగ్గుపడ్డావా?" అంది.

నాకు ఏడుపు వచ్చింది. నూట యాభై మంది చూస్తున్నారు, ముందు వరసలో ప్రెసిడెంటు అంకుల్ వాచీ చూసుకుంటున్నారు. హ్యాండ్‌బ్యాగులో గ్రాఫు కాగితం అలాగే ఉంది. తీశాను. "క్షమించాలి, ఇందాకటిది తప్పు. ఆవిడ చెప్పింది ఇదీ," అని, గ్రాంథికం ఏమీ లేకుండా, ఆవిడ చెప్పింది చెప్పినట్టు చదివాను. చేపల తలలు, బ్రెడ్డు వ్యాను, పన్ను, పోలీసులు. ఆంటీ ఒక్కొక్క వాక్యం వెనకే ఇంగ్లీషులోకి లాక్కుంటూ వచ్చారు. పెట్రోలు బంకు దగ్గరికి వచ్చాక కూడా ఆగలేదు. "ఆమె కోటు వ్యానులోనే ఉంది. నేను వెనక్కి తిరిగి చూడలేదు. చూడాల్సింది," అని చదివేశాను. ఈసారి ఆంటీ మైకు పక్కకు తోసేసి, అక్క చెయ్యి పట్టుకుని, ఆ ముక్క ఆవిడ ఒక్కదానికే వినపడేలా చెప్పారు. ఆంటీకి మెల్లగా మాట్లాడటం వచ్చునని మాకు ఆ రోజే తెలిసింది.

నిజం చెప్పాలంటే హాలంతా ఏమీ కదిలిపోలేదు, సగం మందికి ఏమైందో అర్థం కాలేదు, వెనక వరసల వాళ్లు అప్పటికే పులిహోర వైపు వెళ్లిపోయారు. ప్రెసిడెంటు అంకుల్‌కు మాత్రం కాగితంలో తరవాతి అంశం గుర్తొచ్చింది. హడావిడిగా వచ్చి, మెరూన్ రంగు జరీ శాలువా అక్క భుజాల మీద కప్పి, మైకులో "ఇప్పుడు వారు మన కోసం రెండు ముక్కలు పాడతారు" అన్నారు.

డాక్టర్లు వద్దన్న గొంతు. అక్క మైకు పట్టుకుని ఒక్కటే ఒక్క అరుపు అరిచింది. అందులో పాట లేదు, మాటలు లేవు. స్పీకరు టప్పుమని ఆగిపోయింది. రెండో వరసలో చంటిపిల్ల గుక్కపట్టింది. పులిహోర వైపు వెళ్లినవాళ్లు గరిటెలతో సహా వెనక్కి పరిగెత్తుకొచ్చారు. ఆ గందరగోళంలో టోవా పాయో ఆంటీ, "అలామక్, అయ్యబాబోయ్! పోలీసులు ఎందుకొచ్చారో ఇప్పుడు తెలిసింది," అన్నారు. ముందు నవ్వింది అక్కే. ఆ తర్వాత హాలంతా.

ఇంటికి వచ్చే బస్సులో అక్క శాలువా విప్పలేదు. నేను పదిసార్లు సారీ చెప్పాక, "ఆ మొదటి కాగితంలో ఉన్నామె చాలా మంచిది. కానీ ఆమెతో నేను ఒక్క పూట కూడా ఉండలేను," అంది. ఎవరో ఫోనులో తీసిన వీడియోను, ఇన్నేళ్లుగా దాచుకున్న డ్రమ్ముల స్నేహితురాలి అడ్రసుకు పంపింది. మూడు వారాలకు జవాబు వచ్చింది. "ఆ పిల్ల చివర్లో ఏం చదివిందో ఒక్క ముక్క అర్థం కాలేదు. చివరి అరుపు మాత్రం నీదే." అప్పుడు అక్క వంటింటి బల్ల దగ్గర కూర్చుని, కాగితంలో ఏముందో ఈసారి తనే రాసి పంపింది. మరుసటి ఏడు కెనడా వెళ్లిపోయింది.

బంగారు అక్షరాల ఫ్రేము నా దగ్గరే మిగిలింది. నాకిక రాత పని ఇవ్వనని ఒట్టు పెట్టుకున్న అంకుల్, ఇంకెవరూ దొరక్క మళ్లీ ఏడాదికే ఫోన్ చేశారు. అప్పటి నుంచీ సన్మానపత్రాలన్నీ నేనే రాస్తున్నాను. ఈ ఏడు నాకే సన్మానమట. పోయిన వారం కొత్త కార్యదర్శి, చక్కని పిల్ల, నా వివరాలు రాసుకోవడానికి ఇంటికొచ్చింది. చదువు, ఉద్యోగం, సేవ, అన్నీ చెప్పాను. ఎదురుగా ఫోనులో అక్క పంపిన ఫొటో ఉంది. ఇద్దరు ముసలి స్నేహితురాళ్లు, మధ్యలో పెద్ద డ్రమ్ము. శబ్దం మరీ మోగకుండా డ్రమ్ము లోపల గుడ్డ కుక్కుతారట. రంధ్రంలోంచి మెరూన్ రంగు జరీ అంచు కనిపిస్తోంది.

"ఇంకోటి కూడా రాయమ్మా," అని, నేను రాసిన అబద్ధపు పత్రం సంగతీ, స్టేజీ మీద అక్క నన్ను అడిగిన మాటా మొత్తం చెప్పాను. ఆ పిల్ల పెన్ను ఆపేసింది.

"అవన్నీ ఎందుకులెండి ఆంటీ, బాగోదు. మీరింత మంచివారు కదా."

ఆ మొహం నాకు బాగా తెలుసు. అదే మొహమాటం, అదే తీయని నవ్వు. రాయమంటే సరేనంటుంది, ఇంటికెళ్లి తీసేస్తుంది. కోప్పడబుద్ధి కాలేదు, నవ్వొచ్చింది. కాస్త బెంగగా కూడా అనిపించింది. "సరేనమ్మా, నీ ఇష్టం," అన్నాను. స్టేజీ మీద నా పక్క కుర్చీ మాత్రం టోవా పాయో ఆంటీకి వెయ్యమన్నాను. ఆవిడకిప్పుడు ఎనభై దాటాయి, కథంతా తెలుసు, గొంతు ఏమీ తగ్గలేదు.