ఎన్నికల వంతెన

ఎన్నికలు దగ్గర పడ్డాయన్న సంగతి బందరులో అందరికీ పేపరులోనో టీవీలోనో తెలుస్తుంది. నాకు మాత్రం మా తమ్ముడి ఫోనులో తెలుస్తుంది. మొన్న ఆదివారం చర్చి నుంచి వచ్చి చెప్పులు విప్పుతుండగానే ఫోను మోగింది. "అక్కా, డ్రెయిను మీద దుంగలు వేశారు" అన్నాడు. "అప్పుడేనా?" అన్నాను. "ఈసారి పోటీ గట్టిగా ఉందంట. అందుకే ముందుగా వేశారు" అన్నాడు. తర్వాత నా మోకాళ్ళ నొప్పుల గురించి అడిగి పెట్టేశాడు. అన్నం వండుకోవాలనిపించలేదు. పెరుగులో అటుకులు కలుపుకుని తిని, మంచం మీద వాలి, మా మేనత్తను తలచుకుంటూ ఉండిపోయాను.

మా ఊరు దివిసీమలో, అవనిగడ్డ దాటి సముద్రం వైపు వెళ్ళే దారిలో ఉంటుంది. ఊరికి కాస్త ఎడంగా మా పేట, పేటలో మా చర్చి, చర్చి వెనకాల పెద్ద మురుగు కాలవ. దాన్ని మావాళ్ళంతా డ్రెయిను అనే అంటారు. పొలాల నీళ్ళన్నీ మోసుకెళ్ళి సముద్రంలో కలపాల్సిన కాలవే గాని, పోటు వచ్చినప్పుడల్లా సముద్రమే దాని మీదుగా మా దగ్గరికి వస్తుంది. అందుకని ఎండాకాలంలో కూడా అందులో నీళ్ళకు కొదవ లేదు. మా సమాధుల దొడ్డి ఆ డ్రెయినుకు అవతలి ఒడ్డున ఉంది. మా అమ్మా నాన్నా అక్కడే ఉన్నారు. పెళ్ళీ పెటాకులూ లేనిదాన్ని గనక నాకూ వాళ్ళ పక్కనే చోటు ఉంచారు. ఆ స్థలం ఎవరు ఇచ్చారో తెలియదు గాని, ఇచ్చిన రోజున దారి సంగతి ఆయనకు గుర్తు రాలేదని మాత్రం తెలుస్తుంది. ఎగువన రోడ్డు మీద వంతెన ఉంది. కాని అక్కణ్ణుంచి రావాలంటే చేపల చెరువుల గట్ల మీద నడవాలి, ఆ చెరువులవాళ్ళు శవాన్ని గట్టెక్కనివ్వరు. కాబట్టి పేటలో ఎవరు పోయినా మగవాళ్ళు పెట్టెను నెత్తిన పెట్టుకుని నీళ్ళలోకి దిగాల్సిందే, ఆడవాళ్ళు ఇటు ఒడ్డున నిలబడి చూడాల్సిందే.

మరి ఎన్నికల్లో నిలబడేవాళ్ళకు అవతలి ఒడ్డున పనేమిటంటారా? అక్కడ మా పాస్టరు తాతగారి సమాధి ఉంది. ఆయన ఒకప్పుడు మా చర్చికి పాస్టరు, పేట అంతటికీ తాత. చాలా ఏళ్ళ కిందట ఎవరో అభ్యర్థి ఓట్లడగడానికి వచ్చి, ఆ సమాధి మీద పూలదండ వేసి, గెలిచి అసెంబ్లీకి వెళ్ళాడు. అంతే, అది సెంటిమెంటయి కూర్చుంది. అప్పటినుంచి ఏ జెండావాడైనా పాస్టరు తాతగారికి దండ వేయనిదే మా ఊళ్ళో ప్రచారం మొదలుపెట్టడు. ఇద్దరూ వేస్తారు, ఒకడే గెలుస్తాడు. ఓడినవాడి దండ సంగతి ఎవరూ అడగరు. ఆ తెల్లబట్టల వాళ్ళు నీళ్ళలో దిగలేరు గనక తాటి దుంగలు పరిచి, పైన మట్టి కొట్టి, చేతిపట్టుకు వెదుళ్ళు కట్టి వంతెన వేస్తారు. ఫలితాలు వచ్చేదాకా దాన్ని కదపరు, కదిపితే అపశకునమట. ఫలితాలు రాగానే ఓడినవాళ్ళు ఉక్రోషం కొద్దీ, గెలిచినవాళ్ళు ఇక పనిలేదనీ, దుంగలు ఎత్తుకుపోతారు. పోటీ మరీ గట్టిగా ఉన్నప్పుడు చెరో వంతెనా వేసిన రోజులున్నాయి. పక్కపక్కనే రెండు వంతెనలు! ఒకళ్ళ వంతెన మీద ఇంకొకళ్ళు కాలు పెట్టేవారు కాదు. మా పేట మేకలు మాత్రం రెండింటి మీదా తిరిగేవి.

మా అత్తయ్య, అంటే నాన్నకు అక్క, ఆ పేటలోనే పుట్టి ఆ పేటలోనే కాపురం చేసింది. ఆమె మొదటి ఓటు డబ్బాల కాలంలో వేసింది. అప్పట్లో అభ్యర్థికొక డబ్బా, డబ్బా మీద అతని గుర్తు, చీటీ పట్టుకెళ్ళి నచ్చిన డబ్బాలో వేయడమే. ఈవిడ తెర వెనక్కి వెళ్ళి, డబ్బాల ముందు మోకాళ్ళూని ప్రార్థన మొదలుపెట్టిందట. అత్తయ్య ప్రార్థనంటే ఆదాము దగ్గర్నుంచి రావాలి. బయట లైను పెరిగిపోయి, అధికారి బల్ల మీద చరిచి, "ఏమ్మా, ఓటేస్తున్నావా, కాపురం పెట్టావా?" అని అరిచాడట. ఆ తర్వాత కాగితం మీద ముద్ర కాలం, ఆ తర్వాత మిషను కాలం. మిషను మొదటిసారి కుయ్యిమన్నప్పుడు, "ఇదేంటే, నా ప్రార్థన అవకముందే ఇదే ఆమేన్ అనేసింది" అని బయటికొచ్చి నవ్వింది.

మావయ్య ఆగస్టు నెల ముసురులో పోయాడు. నేనప్పుడు హైస్కూల్లో ఉన్నాను. డ్రెయిను గట్లొరుసుకుని పారుతోంది. మోసేవాళ్ళలో ముందున్నతని కాలు బురదలో దిగబడి, పెట్టె ఒక పక్కకు ఒరిగి నీళ్ళలో పడింది. పడి, తేలి, కొంతదూరం కొట్టుకుపోయింది. ఈదుకెళ్ళి పట్టుకొచ్చారు. గోతిలో దించేటప్పుడు కూడా దాన్నుంచి నీళ్ళు కారుతూనే ఉన్నాయని నాన్న చెప్పాడు. అత్తయ్య ఒడ్డున ఏడవలేదు. ఇంటికొచ్చి గుమ్మంలో కూర్చున్నాక, "ఆయనకు ఈత రాదు" అంది.

అప్పటినుంచి వచ్చిన ప్రతి అభ్యర్థినీ ఆమె ఒకే ఒక్కటి అడిగింది. ఇంటిస్థలం అడగలేదు, పింఛను అడగలేదు. "చచ్చినవాళ్ళం తడవకుండా అవతలికి వెళ్ళే వంతెన కట్టించండి బాబూ" అనేది. మా సీమను ముంచిన ఉప్పెన తర్వాతి ఎన్నికల్లో అందరూ అన్నీ ఇస్తామన్నారు, అందులో మా వంతెనా ఉంది. ఒకాయన ఆమె కాళ్ళకు దండం పెట్టి మాటిచ్చాడు. ఇంకొకాయన ఇంజనీరును వెంటబెట్టుకొచ్చి, టేపు పట్టించి కొలిపించి, మా ఇంట్లో మజ్జిగ తాగి వెళ్ళాడు. ఒకే ఒక్కాయన, "ఇది నా వల్ల అయ్యేది కాదమ్మా, అబద్ధం ఎందుకు చెప్పాలి" అన్నాడు. అత్తయ్యకు ఆయన తెగ నచ్చాడు. ఆయన ఓడిపోయాడు.

నేను గుడివాడలో టీచరుగా ఉన్న రోజుల్లో ఎన్నికలంటే ఊరంతా తిరునాళ్ళే. హోటళ్ళలో పందేలు, స్టాఫ్‌రూములో జోస్యాలు. మా లెక్కల మాస్టారు గుడివాడ ఇటు, బందరు అటు అని జిల్లా అంతా పంచిపెట్టేసి, మా దగ్గరికొచ్చేసరికి మాత్రం ఆగిపోయేవారు. "మీ సీమ ఎప్పుడు ఎటు తిరుగుతుందో దేవుడికే తెలియాలి టీచరుగారూ" అనేవారు. నాకు లోలోపల గర్వంగా ఉండేది. ఎటు తిరుగుతుందో తెలియని చోటికి నాయకులు పదేపదే వస్తారు, వస్తే పనులవుతాయి అనుకునేదాన్ని. రావడం వచ్చారు. ఒకసారి ఎన్నికల డ్యూటీ మీద కృత్తివెన్ను వైపు, రొయ్యల చెరువుల మధ్య ఉన్న ఒక ఊరికి వెళ్ళాను. జీపు దిగి సామాను మోసుకుంటూ నడుస్తుంటే ఒక కాలవ మీద కొత్త తాటి దుంగలు, పైన పచ్చి మట్టి, వెదురు చేతిపట్టు. అంతవరకూ ఇది మా ఒక్క ఊరి గోడే అనుకుంటూ వచ్చాను. ఆ దుంగల మీద నిలబడి, అవతలి ఒడ్డున సమాధుల కోసం వెతికాను.

వయసు మీద పడ్డాక అత్తయ్య వంతెన అడగడం మానేసింది. దాని బదులు ఎన్నికల్లో చావు అడగడం మొదలుపెట్టింది. అప్పటికి తమ్ముడి ఇంట్లోనే ఉండేది. ఒక ఆదివారం చర్చిలో లేచి, "ప్రభువా, నన్ను దుంగలున్నప్పుడే పిలుచుకో" అని గొంతెత్తి ప్రార్థించింది. జనమంతా నవ్వారు, పాస్టరుగారు కూడా దగ్గు అడ్డం పెట్టుకుని నవ్వారు. ఆమె నవ్వలేదు. ఒక ఎన్నికలప్పుడు నిజంగానే జ్వరం వచ్చి మంచం పట్టింది. తెల్లచీర ఇస్త్రీ చేయించింది, అందర్నీ పిలిచి క్షమించింది, మా మరదలితో ఉన్న పాత తగువులన్నీ కొట్టేసింది. పోలింగు రోజుకు జ్వరం తగ్గిపోయి, లేచి కూర్చుని చేపల పులుసు అడిగింది. దుంగలు వెళ్ళిపోయాయి, ఈవిడ మిగిలింది. కొట్టేసిన తగువులన్నీ మళ్ళీ మొదలుపెట్టింది. మేం నవ్వుకున్నాం గాని, వర్షం పడుతున్నప్పుడు కిటికీ దగ్గర కూర్చుని ఆమె డ్రెయిను వైపు చూసే చూపు తలచుకుంటే నాకు ఇప్పటికీ భయంగానే ఉంటుంది.

కిందటి ఎన్నికలప్పుడు ఒక్కటే వంతెన వేశారు. రెండు వేస్తే కొట్లాటలవుతాయని పోలీసులు అన్నారట, ముందొచ్చినవాళ్ళు వేసేశారు. పోలింగు అయ్యాక ఓట్ల లెక్కింపు చాలా రోజుల తర్వాత పెట్టారు. ఆ మధ్యలో అత్తయ్య తిండి మానేసింది. అవనిగడ్డ డాక్టరు వయసు అని చెప్పి పంపించేశాడు. నేను బందరు నుంచి వెళ్ళి దగ్గరున్నాను. పొద్దున్నే కళ్ళు తెరవగానే, "దుంగలున్నాయా?" అని అడిగేది. "ఉన్నాయి అత్తయ్యా" అనేదాన్ని. "ఈసారి చాలా గడువిచ్చారే" అని తృప్తిగా కళ్ళు మూసుకునేది. లెక్కింపుకు ముందురోజు సాయంత్రం పోయింది. నేను ఏడుస్తూనే సంతోషించాను. అడిగిన ఒక్కటీ ఆమెకు దొరికింది అనుకున్నాను.

మర్నాడు పొద్దున తమ్ముడు పెట్టె కోసం అవనిగడ్డ వెళ్ళాడు. షాపులన్నీ మూసేశారు. పెట్టెలు చేసేవాడు పందెం కాసి టీవీ ముందు కూర్చున్నాడట, బతిమాలి లేపి, పెట్టెను ఆటో మీద కట్టి తెచ్చేసరికి మధ్యాహ్నం దాటింది. అప్పటికి ఫలితం తేలిపోయింది. దుంగలు వేసినవాళ్ళు ఓడిపోయారు. మేం అత్తయ్యకు తెల్లచీర కడుతుండగా డ్రెయిను గట్టు మీద ట్రాక్టరు ఆగిన చప్పుడైంది.

ట్రాక్టరు తెచ్చినాయన ఓడిన పార్టీకి ఊళ్ళో పెద్దదిక్కు. మాకు వరసకు బావ. మనుషుల్ని పెట్టి గడ్డపలుగులతో దుంగలు కదిలిస్తున్నాడు. తమ్ముడు పరుగెత్తాడు, వెనకే నేనూ వెళ్ళాను.

"నా మీద కోపం పెట్టుకోకు బావా. చీకటి పడేలోగా తీసెయ్యమని పైనుంచి చెప్పారు. మీ పేట ఓట్లు చూసుకుని మావాళ్ళ మనసు విరిగిపోయింది" అన్నాడాయన. మొహం పీక్కుపోయి ఉంది.

"ఒక్క గంట ఆగు బావా. అత్తయ్యను దాటించి, నీ దుంగలు నేనే ట్రాక్టరెక్కిస్తా. ఆవిడ మీకే వేసిందయ్యా!" అన్నాడు తమ్ముడు. ఆమె ఎవరికి వేసిందో మాలో ఎవరికీ తెలియదు. బావ కాసేపు మా ఇంటి వైపు చూశాడు. తన మనుషులతో పలుగులు కింద పెట్టమన్నాడు. నాకు ప్రాణం లేచొచ్చింది.

సరిగ్గా అప్పుడే గెలిచిన పార్టీ తరఫున పేటలో తిరిగే అతను వచ్చాడు. అత్తయ్య దగ్గర ఆదివారపు బడిలో పాటలు నేర్చుకున్నవాడే. జుట్టు నిండా గులాలు, మెడలో దండ. చూసి పోదామని వచ్చినవాడు, మేం బతిమాలడం చూసి మండిపడ్డాడు. "వాళ్ళ దుంగల మీద మన అమ్మమ్మను తీసుకెళ్తామా టీచరుగారూ? మనకేం ఖర్మండీ! మన గవర్నమెంటు వచ్చింది. ఆర్నెల్లలో సిమెంటు వంతెన కట్టించే పూచీ నాది. తీసుకుపో బావా నీ దుంగలు, మాకొద్దు!" అన్నాడు.

బావ మొహం ఎర్రబడింది. "ఎత్తండ్రా" అన్నాడు. "మీ పరువులు తర్వాత చూసుకోండయ్యా, ముందు ఆవిణ్ణి దాటనివ్వండి" అని నేను అరిచాను. రోడ్డు మీద టపాకాయలు పేలుతున్నాయి. వినిపించినా వినేవాళ్ళు లేరు. తడి మట్టితో దుంగలు ఒక్కొక్కటే ట్రాక్టరెక్కాయి.

పాస్టరుగారు వచ్చి ప్రార్థన ముగించేసరికి పోటు తగిలింది. మగవాళ్ళు లుంగీలు బిగించి పెట్టెను నెత్తికెత్తుకున్నారు. ముందువైపు గులాలు చల్లుకున్నతను దిగాడు. అతని పక్కన, ట్రాక్టరు రోడ్డు మీద నిలబెట్టి వచ్చి, బావ దిగాడు. ఇద్దరూ ఒకరి మొహం ఒకరు చూసుకోలేదు గాని ఒకే పాట పాడారు, ఆమె నేర్పిన పాటే. ఇద్దరూ మంచివాళ్ళు. అదే నాకు ఎక్కువ బాధ. చెడ్డవాళ్ళయితే తిట్టుకుని తేలికపడేదాన్ని. నడుముల దాకా వచ్చిన నీళ్ళు నడిమధ్యలో మెడల దాకా వచ్చాయి. గులాలు కరిగి ఎర్రగా సాగింది. వెనకవైపు పొట్టివాళ్ళున్నారు. పెట్టె అటు కుంగి, అత్తయ్య పాదాల వైపు నీళ్ళలో మునిగి, మళ్ళీ లేచింది. నేను "అయ్యో" అన్నాను. ఎన్నేళ్ళు ప్రార్థించిన మనిషి, తడిసే వెళ్ళిపోయింది.

వాళ్ళు అవతలి గట్టెక్కి తుమ్మచెట్ల వెనక్కి వెళ్ళిపోయారు. దుంగలుంటే నేనూ వెళ్ళి పిడికెడు మట్టి వేసేదాన్ని. ఇటు నుంచి పాట వినిపించింది, కాసేపటికి అదీ ఆగింది. నా పక్కన మా మరదలు నిలబడి ఉంది. ఆవిడకూ యాభై దాటాయి. కొంగుతో కళ్ళు తుడుచుకుని, "వదినా, మళ్ళీ ఎలక్షన్లు ఎప్పుడు?" అని అడిగింది. "అయిదేళ్ళకి" అన్నాను. ఆవిడ పెదాలు కదిలాయి, తన వయసుకు అయిదు కలుపుకుంటోందని అర్థమైంది. అప్పటికే నేనూ నా వయసుకు కలుపుకుని ఉన్నాను. అసెంబ్లీ గడువు అయిదేళ్ళని బడిలో పిల్లలకు ఎన్నోసార్లు చెప్పాను గాని, మిగిలిన బతుకును అయిదేసి ఏళ్ళుగా కొలుచుకోవడం, ఏ గడువు చివర పోతే తడవకుండా వెళ్తానా అని చూసుకోవడం ఆ ఒడ్డు మీదే నాకు అలవాటైంది.